లా కాలేజీల్లో క్లాసులు జరిపించండి

సంపాదకులకు నమస్కారం.

లా కాలేజీల ప్రవేశ పరీక్ష లాసెట్ ఫలితాలు వచ్చాయంటే చాలు, నాకు ఫోన్లు మొదలవుతాయి. "అక్కా, ఫలానా కాలేజీ ఎలా ఉంటుంది? రోజూ వెళ్లాలా, వెళ్లకపోయినా నడిచిపోతుందా?" అని. అడిగేవాళ్లలో సచివాలయం ఉద్యోగులున్నారు, మెడికల్ షాపు పెట్టుకున్నవాళ్లున్నారు, పిల్లలు బడికెళ్లడం మొదలయ్యాక మళ్లీ చదువుకోవాలనుకునే ఆడవాళ్లున్నారు, డిగ్రీ అయ్యాక ఏం చేయాలో పాలుపోని కుర్రాళ్లూ ఉన్నారు. అక్కడ పాఠాలు ఎవరు చెప్తారు, ఎలా చెప్తారు అని మాత్రం ఇంతవరకూ ఎవరూ అడగలేదు. వాళ్లను తప్పుపట్టను. లా కాలేజీ అంటే వెళ్లక్కర్లేని కాలేజీ అనే పేరు మన రెండు రాష్ట్రాల్లో ఎప్పుడో స్థిరపడిపోయింది. దానివల్ల ఎవరు నష్టపోతున్నారో చెప్పాలనే ఈ ఉత్తరం రాస్తున్నాను.

నేను మూడేళ్ల ఎల్‌ఎల్‌బీ కోస్తాలో ఒక ప్రైవేటు కాలేజీలో చదివాను. ఇప్పుడు మా జిల్లా కోర్టులో ఒక సీనియర్ దగ్గర జూనియర్‌గా ఉన్నాను. పదో తరగతి, ఇంటర్ తెలుగు మీడియం. ఇంట్లో, బంధువుల్లో లాయర్లు ఎవరూ లేరు. నాలాంటివాళ్లు లా చదవగలుగుతున్నారంటే దానికి కారణం లాసెట్. 90 నిమిషాల పరీక్ష, 120 ప్రశ్నలు, ప్రశ్నపత్రం తెలుగులో కూడా ఉంటుంది, 42 మార్కులొస్తే అర్హత, ఎస్సీ ఎస్టీలకు ఆ కనీస మార్కుల నిబంధన కూడా లేదు. పరీక్ష మరీ తేలిక అని కొందరు ఎగతాళి చేస్తారు గానీ నేను ఒప్పుకోను. హైదరాబాద్ లా యూనివర్సిటీ నల్సార్‌కో, విశాఖలోని దామోదరం సంజీవయ్య లా యూనివర్సిటీకో వెళ్లాలంటే క్లాట్ అనే జాతీయ ప్రవేశ పరీక్ష రాయాలి, అది మొత్తం ఇంగ్లీషులోనే ఉంటుంది, దానికి ఇంటర్‌లో ఉండగానే కోచింగ్‌లో చేరేవాళ్లుంటారు, ఆ ఖర్చు అందరూ పెట్టుకోలేరు. మా కోర్టు వరండాల్లో నల్లకోటుతో కనిపించేవాళ్లలో ఎక్కువమంది లాసెట్ రాసి వచ్చినవాళ్లే. పల్లెటూరి మనిషి పొలం తగాదా వచ్చినా, పోలీసులు కొడుకుని తీసుకెళ్లినా ముందు పరిగెత్తేది వీళ్ల దగ్గరికే. కాబట్టి వీళ్లకి ఆ మూడేళ్లూ ఏం నేర్పుతున్నారన్నది మా విద్యార్థుల సొంత గొడవ కాదు.

అడ్మిషన్ రోజున ఆఫీసులో మొదట అడిగే ప్రశ్న "ఏమన్నా జాబ్ చేస్తున్నారా?" అని. చేస్తున్నామంటే ఫీజు ఒక రకం, చేయట్లేదంటే ఇంకో రకం. "అటెండెన్స్ సంగతి మేం చూసుకుంటాం, పరీక్షలకి రండి చాలు" అని గుమస్తా ఎంత మామూలుగా చెప్తాడంటే, అది నిబంధనకు విరుద్ధమని కొత్తగా చేరినవాడికి అనుమానం కూడా రాదు. లాయర్ల వృత్తినీ లా చదువునీ నియంత్రించే బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2008 నాటి విద్యా నిబంధనల ప్రకారం ప్రతి సబ్జెక్టులో 70 శాతం హాజరు ఉండాలి. గట్టి కారణం ఉంటే ఏదైనా సబ్జెక్టులో 65 దాకా సడలించవచ్చు, అదీ మొత్తం మీద 70 ఉంటేనే. 2024 సెప్టెంబరులో బయోమెట్రిక్ పెట్టండి, సీసీ కెమెరాలు పెట్టండి, విద్యార్థి వేరే ఉద్యోగంలో ఉన్నాడేమో డిక్లరేషన్ తీసుకోండి అని అదే బార్ కౌన్సిల్ సర్క్యులర్ కూడా ఇచ్చింది. కాగితం మీద ఏ లోటూ లేదు. రిజిస్టర్‌లో కూడా లేదు, అందరికీ డెబ్భై పైనే ఉంటుంది.

దీనివల్ల దెబ్బతినేది రోజూ వచ్చేవాళ్లు. మా సెక్షన్‌లో అరవై మంది పేర్లుంటే క్లాసులో ముందు రెండు బెంచీలు కూడా నిండేవి కావు. బస్సు దిగి, ఆటో ఎక్కి, పది గంటలకల్లా వచ్చి కూర్చుంటే పదిన్నరకి లెక్చరర్ గారు తొంగి చూసి "ఇంతమందేనా? సరే, ఆ యూనిట్ చదువుకోండి" అని వెళ్లిపోయేవారు. ఆయన్ని కూడా ఏమనాలి? గంటల లెక్కన ఇచ్చే జీతం, పక్కన సొంత ప్రాక్టీసు, ఖాళీ గది. పాఠం చెప్పిన రోజున మాత్రం నోట్సు డిక్టేట్ చేసేవారు, మేం రాసుకునేవాళ్లం. ప్రశ్న అడిగితే "అది పరీక్షకి రాదమ్మా" అనేవారు. చివరికి సెమిస్టర్ పరీక్షల ముందు గైడు కొనుక్కోవడం, గత అయిదేళ్ల ప్రశ్నలు చూసుకోవడం, యూనిట్‌కి రెండు ఎస్సేలు బట్టీ పట్టడం. రోజూ వచ్చిన నాకూ, పరీక్షకి మాత్రమే వచ్చినవాళ్లకీ మార్కుల్లో తేడా ఏమీ రాలేదు. అది చూసి రెండో ఏడాదికి ఇంకొందరు రావడం మానేశారు.

ఇక్కడ ఉద్యోగస్తుల పక్షాన కూడా ఒక మాట చెప్పాలి. కానిస్టేబుల్‌గా చేస్తూ, బ్యాంకులో చేస్తూ లా చదవాలనుకోవడం నేరమేమీ కాదు, అలా చదివినవాళ్లలో గొప్పగా రాణించినవాళ్లున్నారు. ఒకప్పుడు సాయంత్రం లా కాలేజీలు ఉండేవి, గుమస్తాలు, టీచర్లు ఆఫీసు అయ్యాక వెళ్లి నిజంగా పాఠాలు వినేవారని మా సీనియర్ చెప్తుంటారు. ఇప్పటి నిబంధనల్లో క్లాసులు ఉదయం 8 నుంచి రాత్రి 7 లోపే జరగాలి, వారానికి 30 గంటలు ఉండాలి. పగలు ఉద్యోగం చేసేవాడికి ఇది కుదిరే పని కాదని అందరికీ తెలుసు. తెలిసీ సీట్లు అమ్ముతున్నారు. ఉద్యోగస్తులకి అవకాశం ఇవ్వదలుచుకుంటే బాహాటంగా ఇవ్వండి, సాయంత్రం కోర్సు పెట్టండి, మూడేళ్లు చాలకపోతే నాలుగేళ్లు చేయండి, కానీ పాఠం మాత్రం చెప్పండి. రూల్ ఒకటి పెట్టి దాన్ని తప్పించుకోవడానికి రేటు ఒకటి పెట్టడం, అదీ న్యాయశాస్త్రం నేర్పే చోట, నాకు ఇప్పటికీ మింగుడు పడదు.

తర్వాత భాష. క్లాసు సరిగ్గా జరిగిన రోజున కూడా మాలో సగం మందికి సగం అర్థమయ్యేది. ఒక ఉదాహరణ చెప్తాను. సాక్ష్య చట్టంలో మరణ వాంగ్మూలం గురించి దేశంలో ఏ లా విద్యార్థి అయినా చదివి తీరాల్సిన కేసు పాకాల నారాయణస్వామి కేసు, బ్రిటిష్ కాలంలో మనకు ఆఖరి అప్పీలు కోర్టు అయిన ప్రివీ కౌన్సిల్ 1939లో లండన్‌లో ఇచ్చిన తీర్పు. చనిపోయిన మనిషి పిఠాపురం వాడు. తనకు రావాల్సిన డబ్బు ఇస్తామని బరంపురం రమ్మంటూ ఉత్తరం వచ్చిందని, అందుకే వెళ్తున్నానని భార్యతో చెప్పి బయల్దేరాడు. 1937 మార్చిలో పూరీలో ఆగిన రైలు మూడో తరగతి పెట్టెలో ఒక ఇనప ట్రంకులో అతని శవం దొరికింది. వెళ్లేముందు భార్యతో అన్న ఆ మాట సాక్ష్యంగా చెల్లుతుందా? చావు దగ్గరపడిందని తెలియకముందు అన్న మాటైనా, ఆ చావుకి దారితీసిన పరిస్థితులకి సంబంధించినదైతే చెల్లుతుంది అన్నారు. ఇంకొకటి పులుకూరి కోటయ్య కేసు, 1946 డిసెంబరు నాటి తీర్పు, గుంటూరు జిల్లాలో రెండు వర్గాల గొడవ. పోలీసుల కస్టడీలో ఉన్న ముద్దాయి "నేను ఈటెతో పొడిచాను, దాన్ని ఫలానా వాములో దాచాను, చూపిస్తాను" అన్నాడనుకోండి, దాచిన చోటు చూపించిన మేరకే ఆ మాట సాక్ష్యం, పొడిచాను అన్న ముక్క చెల్లదు. నేటికీ ప్రతి హత్య కేసులో వాదించే పాయింటు ఇది.

ఈ రెండు కేసులూ మన ఊళ్లలో పుట్టినవి. సాక్షులు మనలాగే తెలుగులో చెప్పి ఉంటారు. ఇదే కథని తెలుగులో పది నిమిషాలు చెప్తే మా క్లాసులో ఎవరూ జన్మలో మర్చిపోయేవాళ్లు కాదు. మాకేమో ఇంగ్లీషులో రెండు పేరాల నోట్సు డిక్టేట్ చేశారు, పేర్లు కూడా వినబడినట్టు రాసుకున్నాం. అది పిఠాపురం కథ అని నాకు తెలిసింది డిగ్రీ అయ్యాక, తీర్పు పూర్తిగా చదువుకున్నప్పుడు.

ఇంగ్లీషు వద్దని నేను అనట్లేదు. హైకోర్టు, సుప్రీంకోర్టు భాష ఇంగ్లీషే, రాజ్యాంగం 348వ అధికరణంలో ఉంది, తీర్పులు చదవలేని లాయరు ఎక్కడా నిలబడలేడు. నేను అడిగేది ముందు తెలుగులో అర్థమయ్యేలా చెప్పి, ఆ తర్వాత అదే తీర్పు ఇంగ్లీషులో చదివించమని. కింది కోర్టులో క్లయింటు తెలుగులో చెప్తాడు, సాక్షి తెలుగులో చెప్తాడు, చాలాచోట్ల అది ఇంగ్లీషులో రికార్డవుతుంది, అంటే లాయరు రోజంతా ఈ రెండు భాషల మధ్యే తిరగాలి. 2023 జూన్‌లో తెలంగాణ హైకోర్టు ఒక భూవివాదంలో తీర్పునే తెలుగులో ఇచ్చింది. హైకోర్టుకి కుదిరింది లా కాలేజీకి ఎందుకు కుదరదు?

ప్రాక్టికల్స్ గురించి రాయాలంటే కోపం వస్తుంది. చివరి ఏడాదిలో ఒక పేపరు ఉంటుంది, వంద మార్కులు. మూడు మూట్ కోర్టులకి, అంటే ఉత్తుత్తి కేసుల్లో వాదించినందుకు, 30, రెండు కేసుల విచారణ కోర్టులో కూర్చుని చూసి రాసినందుకు 30, లాయరు ఆఫీసులో క్లయింటుతో ఎలా మాట్లాడతారు, కేసు ఎలా తయారు చేస్తారు చూసి రాసినందుకు 30, వైవాకి 10. మొత్తం కోర్సులో నాకు బాగా నచ్చిన ఆలోచన ఇదే, దీన్ని రూపొందించిన వాళ్లెవరో గానీ చాలా శ్రద్ధగా ఆలోచించారు. మా కాలేజీ ఎదురుగా ఉన్న జెరాక్స్ షాపులో ఈ రికార్డు రెడీమేడ్‌గా దొరికేది. సివిల్ కేసు ఒకటి, క్రిమినల్ కేసు ఒకటి, మూడు మూట్లు, అన్నీ రాసి పెట్టి ఉంటాయి. చూసి మన చేత్తో తిరగరాసుకోవడమే, డబ్బులు ఎక్కువిస్తే రాసి కూడా పెడతారు. ఏళ్ల తరబడి అదే కేసు, అదే సాక్షి, అదే తీర్పు, దిద్దేవాళ్లకీ తెలుసు. నాకు నిజంగా కోర్టు చూడాలని ఉండి, ఏ హాల్లోకి వెళ్లాలి, ఎక్కడ కూర్చోవాలి, ఎవరినడగాలి అని మా వాళ్లని అడిగితే "ఎందుకమ్మా శ్రమ" అన్నారు. మూడేళ్ల కోర్సుకి 12 వారాల ఇంటర్న్‌షిప్ కూడా ఉండాలి, దానికి తెలిసిన లాయరుతో సంతకం పెట్టించుకుంటే సరిపోయింది. తెలిసిన లాయరు లేనివాళ్లకి ఆ సంతకం కూడా కష్టమే.

ఇంతలో చట్టాలే మారిపోయాయి. మేం మొదట చదివింది ఐపీసీ, సీఆర్‌పీసీ, ఎవిడెన్స్ యాక్టు. 2024 జులై 1 నుంచి వాటి స్థానంలో న్యాయ సంహిత, నాగరిక్ సురక్షా సంహిత, సాక్ష్య అధినియమ్ వచ్చాయి. 302 అంటే హత్య అని చిన్నపిల్లాడికి కూడా తెలుసు, అది 103 అయింది. మోసానికి మారుపేరైపోయిన 420 ఇప్పుడు 318లో నాలుగో సబ్ సెక్షన్. జులైకి ముందు జరిగిన నేరాలకి పాతదే వర్తిస్తుంది, కాబట్టి ఇప్పుడు ప్రాక్టీసు చేసేవాళ్లకి రెండూ రావాలి. మా బ్యాచ్ కోసం ఒక్క వారం, కనీసం ఒక్క రోజు, పాతదీ కొత్తదీ పక్కపక్కన పెట్టి చెప్పేవాళ్లు లేకపోయారు. యూట్యూబ్‌లో చూసి నేర్చుకున్నాం.

ఇలా డిగ్రీ చేతికొచ్చి కోర్టుకు వెళ్లడమంటే ఈత నేర్పకుండా కాలువలోకి తోసినట్టే. దావా ఎలా రాయాలో తెలియదు. ప్లెయింట్‌లో, అంటే దావా పత్రంలో, ఏమేం ఉండాలో సివిల్ ప్రొసీజర్ కోడ్ ఏడో ఆర్డర్‌లో వరసగా ఉంది, పరీక్షలో రాశాం కూడా, కానీ ఒక్క ప్లెయింట్ అయినా మా చేత రాయించలేదు. కాజ్ ఆఫ్ యాక్షన్, అంటే దావాకి కారణం, ఎలా రాస్తారు, వాల్యుయేషన్, అంటే దావా విలువ, ఎలా వేస్తారు, కోర్టు ఫీజు ఎంత కట్టాలి అన్నవేవీ తెలియక కొత్త జూనియర్లు వేసినవి ఆఫీసు నుంచి అభ్యంతరాలతో రిటర్న్ అవుతూనే ఉంటాయి. అక్కడ పోయేది క్లయింటు సమయం.

ఆమధ్య మా సీనియర్ ఆఫీసుకి ఒక పెద్దాయన వచ్చారు. చొక్కా జేబులోంచి మడతలు పడిన ప్రోనోటు తీసి టేబుల్ మీద పెట్టారు. నోటు రాసి మూడేళ్లు దాటిపోయింది. ఇంకెవరో కుర్ర లాయరు చూసి "కాలదోషం పట్టింది, ఇంక ఏం చేయలేం" అని పంపేశాడట. "నిజమేనా లాయరమ్మా?" అన్నారు. మా సీనియర్ నోటు తీసుకుని ముందు వెనక్కి తిప్పి చూశారు. వెనక రెండు వేలు జమ, తేదీ, అప్పు తీసుకున్నవాడి సంతకం ఉన్నాయి. ఆ జమ మూడేళ్ల గడువు లోపలే పడింది కాబట్టి 1963 లిమిటేషన్ చట్టం 19వ సెక్షన్ ప్రకారం ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు లెక్క. దావా వేయడానికి ఇంకా సమయం ఉంది. 19వ సెక్షన్ నేను కాలేజీలో చదివాను, అయిదు మార్కుల షార్ట్ నోట్ రాశాను. నోటు తిప్పి చూడాలని మాత్రం ఎవరూ నేర్పలేదు. మన జిల్లాల్లో సివిల్ కోర్టు అంటేనే సగం ప్రోనోటు దావాలు, మరి లా కాలేజీలో ఒక్క ప్రోనోటు కూడా చేతికిచ్చి చూపించరు. ఆ పెద్దాయన ఆ కుర్ర లాయరు మాట నమ్మి ఇంటికెళ్లిపోయి ఉంటే ఆయన డబ్బు అంతే సంగతులు. ఆ కుర్రాడు మాత్రం ఏం చేస్తాడు, అతనికీ ఎవరూ చెప్పి ఉండరు.

డబ్బు సంగతి కూడా కొంచెం రాస్తాను, ఎందుకంటే ఫోన్ చేసేవాళ్లు దీని గురించీ అడగరు. లాయరుగా పేరు నమోదు చేసుకోవడానికి కట్టే ఎన్‌రోల్‌మెంట్ ఫీజు విషయంలో మా బ్యాచ్ అదృష్టం బాగుంది. అడ్వకేట్స్ చట్టంలో ఉన్న 750 రూపాయలు, ఎస్సీ ఎస్టీలకు 125, అంతకుమించి వసూలు చేయకూడదని 2024 జులై 30న సుప్రీంకోర్టు చెప్పింది. మా ముందువాళ్లు వేలకు వేలు కట్టారు. ఆ తర్వాత ఆలిండియా బార్ పరీక్ష ఉంటుంది, వంద ప్రశ్నలు, తెలుగులోనూ రాయవచ్చు, అది పెద్ద ఇబ్బంది కాదు. ఇబ్బందల్లా ఆ తర్వాత వచ్చే ఏళ్లతో. సీనియర్ ఇచ్చేది పెట్రోలుకి సరిపోతే గొప్ప, చాలామందికి అదీ లేదు. జూనియర్లకి పట్టణాల్లో నెలకి 20,000, గ్రామీణ ప్రాంతాల్లో 15,000 ఇవ్వమని బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2024 అక్టోబరులో సూచించింది, సూచన అని పేర్లోనే ఉంది కాబట్టి మా వైపు దాన్ని ఎవరూ పట్టించుకోలేదు. ఆంధ్రప్రదేశ్‌లో 2019లో మొదలుపెట్టిన నెలకి 5,000 సాయం లాంటిది పార్టీలకు అతీతంగా, రెండు రాష్ట్రాల్లోనూ, ఆగకుండా ఉండాలి. సివిల్ జడ్జి పరీక్ష రాయాలంటే మూడేళ్ల ప్రాక్టీసు తప్పనిసరి అని 2025 మే 20న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. కోర్టు అనుభవం లేని జడ్జి కంటే ఉన్న జడ్జి మేలు, ఆ తీర్పుతో నాకు పేచీ లేదు. కానీ ఆ మూడేళ్లు ఇంటి నుంచి తెచ్చుకుని తినగలిగినవాళ్లే జడ్జీలు కావాలా? కూలి చేసుకునే ఇంటి నుంచి వచ్చిన అమ్మాయికి పెళ్లి ఒత్తిడి ఒకపక్క, బస్ చార్జీలు ఒకపక్క, కోర్టులో సరైన బాత్రూమ్ కూడా లేకపోవడం ఇంకోపక్క.

అందుకే కాలేజీలో గడిపే ఆ మూడేళ్లు అంత విలువైనవి. అక్కడ పని నేర్చుకుని వస్తే జూనియర్‌గా మొదటి ఏడాదే నాలుగు రాళ్లు సంపాదించుకోవచ్చు. నేర్చుకోకుండా వస్తే ఆ మూడేళ్లూ మళ్లీ మొదటి నుంచి, ఈసారి జీతం లేకుండా.

2025 ఆగస్టులో బార్ కౌన్సిల్ కొత్త లా కాలేజీలకి మూడేళ్లపాటు అనుమతి ఆపేసింది. మంచిదే, కానీ ఉన్నవాటి సంగతి చూడకపోతే ఆ మూడేళ్లూ వృథా. అఫిలియేషన్ ఇచ్చే యూనివర్సిటీలు ముందస్తు కబురు లేకుండా తనిఖీకి వెళ్లాలి. ప్రతి కాలేజీ తన అధ్యాపకుల పేర్లు, టైం టేబుల్, ఆ వారం నిజంగా జరిగిన క్లాసులు వెబ్‌సైట్‌లో పెట్టాలి. ప్రాక్టికల్ రికార్డులో రాసిన కేసు నంబరు ఆ జిల్లా కోర్టుదేనా, ఆ తేదీన ఆ కేసు నిజంగా పిలిచారా అన్నది కోర్టు కేసుల వివరాలుండే ఈ-కోర్ట్స్ సైటులో కొడితే నిమిషంలో తేలిపోతుంది, ఆ ఒక్క పని చేసినా జెరాక్స్ షాపు రికార్డులు ఆగిపోతాయి. దానికి కొత్త చట్టం అక్కర్లేదు, బడ్జెట్ కూడా అక్కర్లేదు.

మీ పత్రికకి కూడా ఒక విన్నపం. లాసెట్ నోటిఫికేషన్, ర్యాంకులు, కౌన్సెలింగ్ తేదీలు మీరు ప్రతి ఏటా వేస్తారు. ఈసారి ఒక పనిదినం ఉదయం పదకొండు గంటలకి మీ విలేకరులని తమ తమ జిల్లాల్లోని లా కాలేజీలకి పంపించండి. క్లాసులో ఎంతమంది ఉన్నారు, ఆ రోజు రిజిస్టర్‌లో ఎంతమంది ఉన్నారు, బోర్డు దగ్గర ఎవరైనా ఉన్నారా అన్నది కాలేజీల వారీగా వేయండి. వెబ్ ఆప్షన్లు పెట్టుకునే గడువు ముగిసేలోపు అది వస్తే ఈ ఏడాది చేరబోయేవాళ్లకి పనికొస్తుంది.

ఇట్లు,
ఒక జూనియర్ న్యాయవాది,
గుంటూరు జిల్లా